ఆటవెలది తెచ్చిన తంటా

కొత్తగా టీచరు ఉద్యోగంలో చేరినవాళ్ళు ఎప్పుడైనా నన్ను చూడ్డానికి వస్తే ఒక మాట చెబుతుంటాను. ఈ ఉద్యోగంలో పాఠం చెప్పడం చిన్న పని. మిగతాదంతా మీకు ముందుగా ఎవరూ చెప్పరు. ఓటర్ల జాబితా పట్టుకుని ఇళ్ళ మెట్లెక్కడం, పోలియో చుక్కల పెట్టె మోయడం, పిల్లవాడు బడికి ఎందుకు రావడం లేదో కనుక్కుందామని వెళ్ళి వాళ్ళమ్మానాన్నల తగవు తీర్చి రావడం, ఇవన్నీ అందులోవే. నా వాటాకు వీటితోపాటు ఒక కవిత్వ బహుమతి కూడా వచ్చింది. ఎన్నికల డ్యూటీ అంత కష్టం కాదులే అనుకుని ఒప్పుకున్నాను. ఎన్నికల్లో కనీసం పోలీసులుంటారు.

నేను సూరత్‌లో తెలుగు మీడియం బడిలో పనిచేశాను. కరీంనగర్, వరంగల్ వైపు నుంచి మరమగ్గాల మీద బతకడానికి వచ్చిన కుటుంబాల పిల్లలే మా పిల్లలు. మరమగ్గాన్ని మావాళ్ళు సాంచె అంటారు. తరగతిలో ‘వచ్చాను టీచర్’ అనే మాటను గది అదిరిపోయేలా అరిచే పిల్లవాడు కనిపిస్తే, వాడిల్లు సాంచాల పక్కనే ఉందని అర్థం చేసుకునేవాళ్ళం. నా రిటైర్మెంటు దగ్గరపడే నాటికి ఆ అరుపులు కూడా తగ్గాయి. పిల్లల్ని గుజరాతీ బడిలోనో ఇంగ్లీషు బడిలోనో వేసేవాళ్ళు ఎక్కువయ్యారు. ఖాళీ బెంచీలు పెరిగేకొద్దీ మా హెడ్మాస్టరు నాకు బయటి పనులు ఎక్కువ చెప్పసాగారు.

అలాంటి రోజుల్లోనే మా సంఘం పెద్ద బడికి వచ్చారు. రింగ్ రోడ్డు మార్కెట్‌లో చీరల హోల్‌సేల్ దుకాణం ఆయనది. తండ్రి సాంచాల మీద కూలికి చేసిన మనిషి. కొడుకును ఇప్పుడు అందరూ సేఠ్ అంటారు. ఆయన ఊళ్ళో ఏదో పెళ్ళికి వెళ్తే ఎవరో బంధువు, ‘సూరత్‌ల మీకు చీరలు తప్ప ఇంకేమన్న పుడతయా?’ అని అడిగాడట. ఆ మాట సేఠ్‌కు గుచ్చుకుంది.

“టీచరమ్మ, మనోళ్లల్ల కవులు లేరా?” అని అడిగారు.

“ఉంటారు” అన్నాను. టీచర్లు ఏదడిగినా ఉందనే చెబుతారు, అదొక అలవాటు.

“అయితే ఒక ఇనాం పెడదాం. ఇంతవరకు పుస్తకం ఎయ్యనోళ్లకు. గెలిచినోళ్ల పుస్తకం మనమే అచ్చేయిద్దాం, శాలువా కప్పుదాం. హైదరాబాద్ నుంచి పెద్ద సారును జడ్జిగా పిలుద్దాం. మా నాయిన పేరు మీద.”

అలా సూరత్ తెలుగువాళ్ళకు తొలి కవితాసంపుటి బహుమతి పుట్టింది. కమిటీలో సేఠ్, నేను కాక ఇంకొకాయన ఉన్నారు. జీవితమంతా సాంచాల దగ్గర మాస్టరుగా, అంటే మగ్గాలు బాగుచేసే మేస్త్రీగా, పనిచేసి రిటైరయిన పెద్దాయన. మగ్గం చప్పుడుకు తాళం కుదిరేలా పద్యాలు పాడుతూ బతికిన మనిషి. ఆయన దృష్టిలో పద్యం మాత్రమే కవిత్వం, మిగిలిందంతా ముచ్చట. చేతిరాత మాత్రం ముత్యాలు. పెళ్ళి పత్రిక రాయించుకోవాలన్నా, చచ్చిపోయినవాళ్ళ ఫొటో కింద రెండు మాటలు రాయించాలన్నా జనం ఆయన దగ్గరికే వెళ్ళేవారు. సొంతంగా కూడా పద్యాలు రాస్తారని అందరికీ తెలుసు, ఎవరికీ చూపించరని కూడా తెలుసు. ‘ఇంకా దిద్దాలె’ అనేవారు ఎప్పుడడిగినా.

ప్రకటన వేశాక ఒక్కరైనా పంపుతారా అని భయపడ్డాం. తర్వాత, ఇంక పంపకుండా ఉంటే బాగుండునని భయపడ్డాం. పెళ్ళికూతురిని సాగనంపే పాటలు వచ్చాయి. సేఠ్‌ను పొగుడుతూ ఒక దండకం వచ్చింది. ఆయన దాన్ని పక్కకు పెట్టమన్నారు గానీ, ఎక్కడ పెట్టామో రెండుసార్లు అడిగారు. సూరత్ పక్కనున్న కామ్‌రేజ్ నుంచి ఒకాయన ఫోన్ చేసి, కవిత్వం ఇంకా రాయలేదనీ, గెలుస్తానని ఖాయంగా చెబితే రాస్తాననీ అన్నాడు. అద్దకం మిల్లులో చేసే ఒకతను ప్రేమ కవితలు పంపి, తన భార్యకు చెప్పొద్దని బతిమాలాడు. మూడోనాడు అతని భార్య బడి గేటు దగ్గర నిలబడి, “మా ఆయన ఎవరి మీద రాసిండు టీచర్?” అని అడిగింది. మీ మీదేనమ్మా అన్నాను. “నా మీద అయితే చెప్పద్దని ఎందుకంటడు?” అంది.

ఆ కుప్పలోనే గుజరాతీ లిపిలో రాసిన కాగితాలు కొన్ని కనిపించాయి. పెద్దాయన చూడగానే పక్కకు నెట్టేశారు.

“గిది గుజరాతీ. వాళ్లకు వాళ్ల ఇనాములున్నయి.”

నేను ఆ రోజు వేరే కట్టలు చూస్తూ, ఊరికే ఆ పై కాగితం తీసి చదివాను. గుజరాతీ అక్షరాలు సూరత్‌లో ఎవరికైనా వస్తాయి. అక్షరాలు గుజరాతీవే, కానీ నోట్లోంచి వస్తున్నది తెలుగు. కొంచెం గట్టిగా చదివాను.

నేను అతికిచ్చిన రాళ్లు
ఎవరి పెండ్లిలనో మెరుస్తయి.
జిగురు మాత్రం
నా ఏళ్లకే ఉంటది.
అన్నం కలిపితే
మొదటి ముద్ద జిగురుదే.

లెక్కలు చూసుకుంటున్న సేఠ్ తలెత్తారు. పెద్దాయన నా వైపు చెవి ఒగ్గి, కళ్ళు మూసుకుని విన్నారు.

“మాత్రల్లెవ్వు, యతి లేదు” అన్నారు. కళ్ళు తెరిచి, “కని బాగున్నది. ఎవరిది?” అన్నారు.

కాగితం ఆయన ముందు పెట్టాను. ఆయన దాన్ని చూసిన చూపు, కోడలు వండిన కూర బాగుందని మెచ్చుకున్నాక అది పక్కింటి నుంచి వచ్చిందని తెలిసిన మామ చూపులాగా ఉంది.

“తెలుగక్షరం లేకుంటే తెలుగెట్లయితది?” అన్నారాయన.

“మరి ఇప్పుడు మీరు విన్నదేంటి?”

“విన్నది వేరు, రాసింది వేరు.”

సేఠ్ బాధ ఇంకొకటి. “హైదరాబాద్ సారు నవ్వడా టీచరమ్మ? సూరత్ తెలుగోళ్లకు అక్షరాలే రావంటడు.” ఇక్కడ ఒక మాట చెప్పాలి. మా సేఠ్ సంతకం గుజరాతీలోనే చేస్తారు. తెలుగు పత్రిక చేతికిస్తే ముందు బొమ్మలు చూసి, తర్వాత, ‘జర చదివి చెప్పుండ్రి, అద్దాలు మరిచిన’ అంటారు. ఆ అద్దాలు ఆయన ముక్కు మీదే ఉంటాయి. ఆ సంగతి నాకూ పెద్దాయనకూ తెలుసు కాబట్టి ఆ గదిలో ఎవరూ దాని గురించి మాట్లాడలేదు.

చివరికి దారి చూపింది కూడా ఆయనే. “మాల్ మంచిదే గద. లేబుల్ మార్చి పంపుదాం.”

అంటే, తెలుగు లిపిలోకి ఎత్తి రాయించి జడ్జికి పంపుదామని. నేను గుజరాతీ లిపి చూసి చదవాలి, చేతిరాత బాగుంది కాబట్టి పెద్దాయన రాయాలి.

దానికి ముందు రాసినామెను ఒకసారి కలిసి అడగడం మంచిదనిపించి, కాగితాల మీదున్న చిరునామా పట్టుకుని ఉన్ అనే పేటకు వెళ్ళాను. మిల్లుల్లో, సాంచాల మీద పనిచేసేవాళ్ళు ఎక్కువగా ఉండే చోటు అది. ఇరుకు గది. మధ్యలో బల్ల మీద ఒక చీర పరిచి, అత్తాకోడళ్ళు చెరోవైపు కూర్చుని అంచుమీద మెరిసే రాళ్ళు అతికిస్తున్నారు. కోడలే మన కవి. పాతికేళ్ళు కూడా ఉన్నట్టు లేదు. సూరత్‌లోనే పుట్టింది, గుజరాతీ బడిలో చదివింది. ఇంట్లో తెలుగు తప్ప వేరే మాట లేదు. కవితల్ని తెలుగు లిపిలోకి ఎత్తి రాయిస్తామంటే తలూపింది.

“తెలుగు అక్షరాలు అసలు రావా?” అని అడిగాను.

“ఊరికి పోయినప్పుడు బస్సుల మీద చూస్త టీచర్. గుండ్రంగ, మస్తుంటయి. బొమ్మల లెక్క చూసుడే, చదువ రాదు.”

అత్త పని ఆపకుండానే అందుకుంది. “పొద్దంత లోపల లోపల గొణుక్కుంటది టీచరమ్మ. ఏంది బిడ్డా అంటే, కవిత అంటది. పార్సిల్ లేటయితే ఆ కవిత ఇస్తదా పైసలు?”

“అత్తమ్మా, జర ఊకో” అంది అమ్మాయి సిగ్గుపడుతూ. తర్వాత నా వైపు తిరిగి అడిగింది. “గెలిస్తే నిజంగనే బుక్కు వేస్తరా? మీద నా పేరుంటదా?”

ఉంటుందన్నాను. ఆ మాటకు ఆమె ముఖం ఎలా అయిందో నాకిప్పటికీ గుర్తుంది. అత్త కూడా చేతిలోని రాయిని అతికించకుండా ఒక క్షణం అలాగే పట్టుకుని చూసింది. వెంటనే సర్దుకుని, “పేరు సరిగ్గ రాయమనుండ్రి. రేషన్ కార్డు మీద తప్పు రాసిండ్రు” అంది.

తర్వాత కొన్ని సాయంత్రాలు నేను చదివాను, పెద్దాయన రాసుకున్నారు. ఆయన రాసుకున్న చిత్తు ఇంటికి తీసుకెళ్ళి, శుభ్రంగా ఎత్తి రాసి, కవరులో పెట్టి తనే పోస్టు చేశారు. నాకు అప్పుడు బడిలో పరీక్షలు. జడ్జి నుంచి తుది దశకు వచ్చినవారి పేర్లు వచ్చాయి. వాటిలో ఉన్ అమ్మాయి పేరుంది, ప్రేమ కవితల మిల్లు కార్మికుడి పేరుంది. సభ రోజున జడ్జిగారు స్వయంగా వచ్చి గెలిచినవారి పేరు ప్రకటిస్తారని నిర్ణయమైంది.

సాంచాలకు సెలవున్న రోజు చూసి సంఘం హాల్లో సభ పెట్టాం. మగవాళ్ళతో నిండే హాలు అది. ఆ రోజు వెనక సగం ఆడవాళ్ళతో నిండింది. రాళ్ళు అతికించేవాళ్ళు, దారాలు కత్తిరించేవాళ్ళు, ఒక పూట కూలి వదులుకుని ఉన్ నుంచి ఆటోల్లో దిగారు. ముందు వరుసలో అత్త, ఆమె పక్కన కొత్త చీరలో బిగుసుకుపోయిన కోడలు. మిల్లు కార్మికుడి భార్య కూడా వచ్చి, భర్త ఎవరివైపు చూస్తున్నాడో చూస్తూ కూర్చుంది.

హైదరాబాదు నుంచి వచ్చిన జడ్జి కాలేజీలో తెలుగు చెప్పి రిటైరయిన పెద్దమనిషి. మృదువైన మనిషి. మధ్యాహ్నం సేఠ్ ఇంట్లో పెట్టిన భోజనానికి ఆయన కళ్ళు మూతపడుతున్నాయి. అయినా మైకు ముందుకు రాగానే నిటారుగా నిలబడ్డారు.

“ఈ కట్టలో ఒక కవయిత్రి నన్ను ఆశ్చర్యపరిచింది” అన్నారు. “ఈ కాలంలో, ఈ నగరంలో, రాళ్ళు అతికించే పని చేసుకునే ఒక అమ్మాయి ఆటవెలది ఇంత అలవోకగా నడుపుతుందని నేను ఊహించలేదు.”

నేను పెద్దాయన వైపు చూశాను. ఆయన పైకప్పు ఫ్యాను చూస్తున్నారు.

జడ్జిగారు కాగితం తీసి రాగయుక్తంగా చదివారు.

చీర మీద రాళ్ళు చేరిచి మెఱిపింప
వేలికొసను జిగురు వీడదాయె
అన్నమందుఁ గలిసి యాకలిఁ దీర్చెడి
మొదటి ముద్ద జిగురు ముద్ద గాదె!

మగవాళ్ళ వైపు నుంచి చప్పట్లు మోగాయి. అమ్మాయి ముఖం తెల్లబోయింది. ఆమె నోరు తెరిచే లోపలే అత్త లేచి నిలబడింది.

“గిది మా కోడలిది కాదు!”

సేఠ్ చేతులు ఊపుతూ కూర్చోమని సైగ చేశారు. ఆమె కూర్చోలేదు.

“పొద్దంత నా పక్కన కూసోని గొణుగుతది, నాకు ఎరుకలేదా? మెఱిపింప ఏంది, గాదె ఏంది? గీ మాటలు మా ఇంట్ల ఎవలు మాట్లాడరు. మాది గిట్ల ఉండదు.” తర్వాత కోడలి వైపు తిరిగింది. “నీది నువ్వు చెప్పు.”

జడ్జిగారు అయోమయంగా, కానీ మర్యాదగా అమ్మాయిని పిలిచారు. “రా అమ్మా. నీ కవిత నువ్వే చదువు.” తన చేతిలోని కాగితం ఆమెకు అందించారు.

ఆమె ఆ ముత్యాల్లాంటి అక్షరాలను ఒకసారి చూసి తిరిగి ఇచ్చేసింది. “నాకు గిది చదువ రాదు సార్.” అని, నా దగ్గరున్న తన గుజరాతీ కాగితాలు తీసుకుని చదవసాగింది. ‘జిగురు మాత్రం’ దగ్గరికి వచ్చేసరికి వెనక వరుసల్లోంచి కొన్ని గొంతులు కలిశాయి. ఆ కవిత వాళ్ళకు ముందే తెలుసు. ఒకే కాంట్రాక్టరు దగ్గర పని తెచ్చుకునే ఆడవాళ్ళు, పార్సిళ్ళు ఇచ్చేటప్పుడు ఒకరికొకరు చెప్పుకున్నారట. ‘మొదటి ముద్ద జిగురుదే’ అన్నప్పుడు ఎవరో ఒకామె, “నిజమే పో!” అంది. అందరూ నవ్వారు. ఆ తర్వాత ఎవరూ నవ్వలేదు.

జడ్జిగారు తన చేతిలోని కాగితాన్ని మళ్ళీ ఒకసారి చూసుకున్నారు. తర్వాత మెల్లగా, “మరి ఈ పద్యాలు ఎవరివి?” అని అడిగారు.

పెద్దాయన లేచారు. ఆ వయసులో, అంతమంది ముందు, తల దించకుండానే చెప్పారు. “పద్యాలు నావి. ముచ్చట ఆమెది. దారం తెగి ఉంటే ముడేసినట్టు, యతి కలిపిన. చెడగొడుతున్న అనుకోలే.”

“పద్యాలు చాలా బాగున్నాయండీ” అన్నారు జడ్జి.

ఇది నేను కళ్ళారా చూశాను కాబట్టి చెబుతున్నాను. అంత అవమానంలోనూ ఆ మాటకు పెద్దాయన మీసం ఒక్కసారి కదిలింది. జీవితంలో తొలిసారి ఒక హైదరాబాదు పండితుడు ఆయన పద్యాన్ని మెచ్చుకున్నాడు. అదీ, ఆ పద్యం వల్లే అందరి ముందూ తప్పు ఒప్పుకోవాల్సి వచ్చిన రోజున.

జడ్జిగారు జేబులోంచి కవరు తీశారు. “ఇందులో ఉన్న పేరు ఈ అమ్మాయిదే. కానీ నేను మెచ్చుకున్న పద్యాలు ఈమెవి కావు. నేనిప్పుడు ఏం చేయాలి?”

సేఠ్‌కు అందులో సమస్యేమీ కనిపించలేదు. “పేరు అదే గద సార్. ఇచ్చేయుండ్రి. బిడ్డా, రా. శాలువా తీసుకో. బుక్కు సంగతి తర్వాత చూద్దాం.”

ఆ క్షణంలో ఆమె తీసుకుని ఉంటే ఎవరూ తప్పు పట్టేవారు కాదు. వచ్చిన ఆడవాళ్ళంతా అదే కోరుకుంటున్నారు. నేను కూడా మనసులో తీసుకో, తీసుకో అనుకున్నాను. ఆమె శాలువా వంక చూసింది, అత్త వంక చూసింది.

“సార్ మెచ్చింది తాత పద్యాలను” అంది. “అవి మంచిగనే ఉన్నయి. కని నాయి కావు. నాయి కానివాటికి నా పేరెట్ల పెట్టుకుంట?”

జడ్జిగారు కవరు మళ్ళీ జేబులో పెట్టుకున్నారు. ఆమె రాసింది రాసినట్టుగా తెలుగు లిపిలో పంపమనీ, చదివాకే తీర్పు చెబుతాననీ అన్నారు. తెచ్చిన శాలువా ఎవరికి కప్పాలో తెలియక, సేఠ్ దాన్ని జడ్జిగారికే కప్పేశారు. ఆయనకు అప్పటికే ఒకటి కప్పాం. రెండు శాలువాలతో, చెమటలు కారుతూ ఆయన సూరత్ స్టేషన్‌కు వెళ్ళారు.

మెట్ల దగ్గర అమ్మాయి నా చేయి పట్టుకుంది. అప్పుడు ఏడ్చింది. “టీచర్, బుక్కు పోయినట్టేనా? మీద నా పేరు చూసుకుందమనుకున్న.”

“పోదు” అన్నాను. ఈసారి అలవాటుగా అన్నది కాదు. అత్త మాత్రం, “ఏడుపు ఇంటికి పోయినంక. ఆటో ఆయన ఆగడు” అని కోడలి కళ్ళు తన కొంగుతో తుడిచి లాక్కుపోయింది.

తర్వాత పెద్దాయన కనిపించడం మానేశారు. కమిటీకి రానని కబురు పంపారు. తిరిగి రాయించడానికి వేరే మనిషిని వెతుకుదామని సేఠ్ అంటే, నేనే రాస్తాలెండి అన్నాను. ఆ మాట చెప్పడానికి ఉన్ వెళ్తే అమ్మాయి ఒప్పుకోలేదు.

“తాతతోనే రాయిద్దాం టీచర్. అంత మంచిగ ఎవలు రాస్తరు?”

“ఆయన మీద ఇంకా నమ్మకముందా?”

“ఉంది. ఈసారి పక్కన నేను కూసుంట.”

ఇద్దరం కలిసే వెళ్ళాం. పెద్దాయన తలుపు తీసి మమ్మల్ని చూసి, కుర్చీ చూపించి, తను నిలబడే ఉన్నారు. అమ్మాయి నేరుగా విషయానికి వచ్చింది. “తాత, నేను చెప్త, నువ్వు రాయాలె. నేను చెప్పిందే రాయాలె.”

“నా చేయి తప్పులు రాయదు బిడ్డా.”

“నేర్చుకుంటది తీ” అంది.

ఆయన నవ్వాపుకోవడానికి దగ్గినట్టు చేశారు. అక్కడితో సంధి కుదిరింది.

ఎండాకాలం సెలవుల్లో ఖాళీగా ఉన్న మా తరగతి గదిలో కూర్చునేవాళ్ళం. చిన్న పిల్లల బెంచీలో పెద్దాయన మోకాళ్ళు పట్టేవి కావు. ఆమె ఒక్కో పాదం చెప్పేది, ఆయన రాసేవారు. ‘గిట్ల’ అని రాసేముందు ఒక నిట్టూర్పు. ‘ఏంది’ అని రాసేముందు ఇంకోటి.

“ఇది తప్పు బిడ్డా.”

“తప్పే తాత. రాయి.”

“ఉంటది కాదు, ఉంటుంది.”

“మీ ఇంట్ల ఉంటుంది. మా ఇంట్ల ఉంటది.”

“మా ఇంట్ల కూడ ఉంటదే” అని ఒప్పుకున్నారాయన ఒక రోజు, చుట్టూ చూసి, ఎవరూ వినలేదు కదా అన్నట్టు. నేను విన్నాను. విన్నట్టు కనిపించకుండా పిల్లల హాజరు పట్టీలు సర్దుకున్నాను.

నేను గమనించింది ఏమిటంటే, మొదట్లో ఆయన పదాల్ని విడివిడిగా పట్టుకుని పోట్లాడేవారు. రోజులు గడిచేకొద్దీ పోట్లాట తగ్గింది. ఒకసారి ఆమె సాంచాల చప్పుడుకు మొద్దుబారిన తండ్రి చెవుల గురించి ఒక కవిత చెబుతోంది. డ్యూటీ దిగి ఇంటికొచ్చినా అరిచే మాట్లాడతాడు, కోపం లేకున్నా కోపమనుకుంటామని. ఆయన కలం ఆగిపోయింది. తప్పు పట్టబోతున్నారనుకుని ఆమె, “రాయి తాత” అంది.

“రాస్త. ఇంకోసారి చెప్పు.”

“వినపడలేదా?”

“వినపడ్డది. ఇంకోసారి చెప్పు.”

ఆమె మళ్ళీ చెప్పింది. ఆయన కూడా సాంచాల దగ్గర చెవులు పోగొట్టుకున్న మనిషేనని ఆమెకు అప్పుడే గుర్తొచ్చినట్టుంది. రెండోసారి నెమ్మదిగా, దగ్గరికి జరిగి చెప్పింది. ఆ కవితలో ఆయన ఒక్క అక్షరం కూడా మార్చమనలేదు.

రాత ప్రతి వెళ్ళింది. కొన్నాళ్ళకు జడ్జిగారి నుంచి జవాబు వచ్చింది. దాన్ని విప్పడానికి సేఠ్ మమ్మల్నందర్నీ దుకాణానికి పిలిచారు. చీరల కట్టల మధ్య తెల్ల పరుపుల మీద కూర్చున్నాం. సేఠ్ అద్దాలు మరచిపోయారు కాబట్టి నేను చదివాను. బహుమతి ఆ అమ్మాయికే. సంపుటి బలం అందులోని పలుకుబడి అనీ, దాన్ని కదిలించకుండా అచ్చు వేయాలనీ రాశారు. అమ్మాయి నోటికి చేయి అడ్డం పెట్టుకుంది. అత్త, “పేరు సరిగ్గ రాసిండ్రా?” అని అడిగింది. రాశారని చూపించాను. ఆమెకు అక్షరాలు రావు, అయినా వేలు పెట్టి తడిమి చూసింది.

అక్కడితో ఆపితే సరిపోయేది. కానీ కింద ఒక చిన్న సూచన ఉంది. జిగురు కవితలో ‘నా ఏళ్లకే’ అన్నచోట ‘నా వేళ్లకే’ అని సరిచేస్తే, పాఠకుడు దాన్ని సంవత్సరాలనుకుని పొరబడే ప్రమాదం ఉండదని.

మా వైపు వేళ్ళను ఏళ్లంటారు, సంవత్సరాలను ఏండ్లంటారు. పుస్తకాల తెలుగులో ఏళ్ళంటే సంవత్సరాలే. సూచన న్యాయమైనదే. నేను తలూపాను. అమ్మాయి కూడా, “సారు అన్నది కరెక్టే. మార్చేద్దాం” అంది.

పెద్దాయన ఒక్కసారిగా పరుపు మీద నుంచి లేచారు.

“పొరబడడట! పొరబడాలె! ఆ సారు ఇన్నేండ్లు కాలేజీల ఏం చెప్పిండు? వేలికి అంటింది జిగురే, వయసుకు అంటింది జిగురే. ఒక్క మాటల రెండు! గిసొంటి శ్లేష కోసం కవులు ఎంత తండ్లాడుతరు! దాన్ని పట్టుకొని దిద్దుమంటడా?”

దుకాణంలో చీరలు బేరమాడుతున్నవాళ్ళు కూడా ఇటు తిరిగారు. సేఠ్ భయంగా, “జర కూసోండ్రి” అన్నారు.

“నేను గంత అనుకోలే తాత” అంది అమ్మాయి మెల్లగా. “ఏళ్లంటే ఏళ్లే అనుకున్న.” అని తన చేతివేళ్ళు చూపించింది.

“నువ్వు అనుకోకపోతే ఏంది? పడ్డదా లేదా?” అని కలం తీసి, ప్రతి తన ముందుకు లాక్కుని, ఆ మాట పక్కన ‘ఇది ఇట్లనే ఉండాలె, ముట్టుకోవద్దు’ అని ముత్యాల్లాంటి అక్షరాలతో రాసి, కింద గీత కూడా గీశారు. ప్రెస్సువాడు ఒక్క చుక్క కదిలించినా ముందు తనను అడగాలని సేఠ్‌కు గట్టిగా చెప్పారు. సేఠ్ సరే సరే అన్నారు.

అమ్మాయి నా వైపు వంగి, నవ్వును పళ్ళతో నొక్కిపట్టి, గుసగుసగా అడిగింది. “టీచర్, ఇప్పుడు ఈ కవిత నాదా, తాతదా?”

చెవులు పోయాయనుకునే ఆ మనిషికి అది మాత్రం వినపడింది.

“నీదే బిడ్డా” అన్నారు కలానికి మూత పెడుతూ. “కావలి నాది.”